సంక్రమణం (గణితం)

రెండు తెలియని రాశుల మొత్తం, తేడా చెప్పినప్పుడు వాటిని విడివిడిగా రాబట్టే పద్ధతి సంక్రమణం. బ్రహ్మగుప్తుడు 628లో రచించిన బ్రాహ్మస్ఫుట సిద్ధాంతంలో, 1150 నాటి భాస్కరాచార్యుని లీలావతిలో ఇది ఈ పేరుతోనే కనిపిస్తుంది. మొత్తానికి తేడా కలిపి సగం చేస్తే పెద్దది, తీసివేసి సగం చేస్తే చిన్నది వస్తాయి.

తల్లీకూతుళ్ల వయసులు కలిపితే 50, తేడా 26 అనుకుందాం. తల్లికి ఎక్కువగా ఉన్న 26 ఏళ్లను ముందే పక్కన పెడితే మిగిలిన 24 ఇద్దరికీ సమానం. కూతురికి 12, తల్లికి 38. చాలామంది పిల్లలు 50ని ముందే సగం చేసి, 25కు 26 కలిపేస్తారు. తల్లికి 51 వస్తుంది, మొత్తాన్నే మించిపోతుంది! సూత్రం బట్టీ పట్టించేకన్నా ఆ 26 ఎవరిదో అడగడం మేలు.

మొత్తం, తేడా కాక వేరే సంబంధం ఇస్తే సమీకరణాలో, మరో ఉపాయమో కావాలి. చైనా ప్రాచీన గ్రంథం సున్‌జి సువాన్‌జింగ్‌లోని లెక్క ప్రసిద్ధం: నెమలి జాతి పక్షులు, కుందేళ్లు కలిపి తలలు 35, కాళ్లు 94. అన్నీ పక్షులే అనుకుంటే కాళ్లు 70. మిగిలిన 24 కాళ్లు కుందేళ్లవి, ఒక్కోదానికి అదనంగా రెండు. కనుక కుందేళ్లు 12, పక్షులు 23.

భాస్కరుని బీజగణితంలో తెలియని రాశులకు యావత్తావత్తు, కాలకం, నీలకం అని పేర్లున్నాయి. మొదటిది తప్ప మిగతావి రంగులే. మన పదో తరగతిలో వాటి చోట x, y వచ్చాయి.