యానాము: శబ్దసాక్ష్యము, చరిత్రసాక్ష్యము

మా బీర్కూరు చెంత బ్రవహించు మంజీర కందకుర్తికడ గోదావరిలో గలియును. ఆ నీరే బాసర, ధర్మపురి, భద్రాచలము, రాజమహేంద్రవరములు దాటి, ధవళేశ్వరముకడ పాయలై చీలి, గౌతమీశాఖగా సముద్రము జేరబోవుచు యానాము నొరసికొని పోవును. పూర్వము బీర్కూరు నిజాము రాజ్యమునను, యానాము ఫరాసుల యేలుబడిలోను నుండెను. ఆ రెంటి నడుమ నాంగ్లేయుల సీమ యుండెను. ప్రభుత్వములు మూడు, నది యొకటి, భాష యొకటి. ఆ చిన్న పట్టణము చరిత్రమును విచారించుటకు నాకు గలిగిన ప్రేరణ మిదియే.

వ్యాకరణము చదివినవారికి నామము వినబడినంతనే వ్యుత్పత్తి చెప్పు నలవాటు కలదు. నేనును దానికి లోబడినవాడనే. యానమనగా బ్రయాణము, వాహనము. ఓడలు నిలుచు తావు గావున యానామని విద్యార్థులకు బెక్కేండ్లు బోధించితిని. అది శ్రవణసుఖమేకాని ప్రమాణము గాదు. నా పొరపాటును నాకు దెలిపినది హైదరాబాదులోని మూసారాంబాగు. నిజాము కొలువున సేనానియై 1798లో మృతినొందిన రేమో యను ఫరాసు దొర పేరిట నా ప్రదేశము వెలసినది. 'మొస్యూ రేమో' యన్నది జనుల నోట మూసారామైనది. హిందువులకు రాముడు వినబడెను, మహమ్మదీయులకు రహీము వినబడెను. చరిత్రము తెలియకున్న నావంటి పండితుడెవడో మూసా, రామ శబ్దములకు ద్వంద్వసమాసము చెప్పి తృప్తినొందెడివాడు. కావున శబ్దము సాక్షియే కాని న్యాయాధిపతి కాదు.

ఇక నిశ్చితమైన చరిత్రము. ఫరాసులు యానాములో 1723లో వర్తకస్థానము నెలకొల్పిరి. లాభము చాలక 1727లో విడిచిరి. 1731లో మరల వచ్చిరి. గౌతమినుండి కోరంగి పాయ చీలు తావగుటయు, చుట్టుపట్ల నేతగాండ్రు సన్నని వస్త్రములు నేయుటయు వారి రాకకు హేతువులు. సమీపమున ఇంజరములో నాంగ్లేయుల వర్తకశాల యంతకు మున్నే కలదు. ఇట్లు రెండు కంపెనీలు నొకే మగ్గమువంక జూచుచు గూర్చుండెను.

1753లో నిజాము సలాబతుజంగు ముస్తఫానగరు, ఏలూరు, రాజమహేంద్రవరము, శ్రీకాకుళము సర్కారులను బుస్సీకి సైన్యవ్యయార్థ మొసగెను. అప్పుడు యానాము విశాలమైన ఫరాసు సీమలో నొక రేవు మాత్రమే. 1758 డిసెంబరులో చందుర్తికడ ఫోర్డు చేతిలో ఫరాసులోడిరి. 1759 ఏప్రిలులో బందరు కోటయు బోయెను. సర్కారు లన్నియు జారిపోగా, 1763నాటి పారిసు సంధి ననుసరించి యానాము మాత్రము మరల వారికి దక్కెను. పిమ్మట యుద్ధము వచ్చినప్పుడెల్ల నాంగ్లేయులు దానిని బట్టుకొనుటయు, సంధి కుదిరినప్పుడు విడుచుటయు నాచారమయ్యెను. 1814నాటి సంధిలో ఫరాసులు హిందూదేశమున కోటలు గట్టరాదను నియమ మేర్పడెను. నాటినుండి యానాము కోటలేని పట్టణమై, సంతయు రేవును జీవనముగా మనుగడ సాగించినది. 1839 నవంబరులోని తుపాను కోరంగి ప్రాంతము నెల్ల ముంచినది; 1846లో గట్టిన దేవాలయము క్రైస్తవులకు నేటికిని బ్రార్థనాస్థానముగా నున్నది.

ఈ పట్టణమునకు గల్యాణపురమను నామాంతరము కలదు. యోగార్థము మంగళకరము, రూఢికి హేతువు మాత్రము మంగళకరము గాదు. బాలికలకు 14, బాలురకు 18 ఏండ్లు నిండకుండ వివాహము చేయరాదని 1929లో శాసనమయ్యెను. 1930 ఏప్రిలునుండి యది యమలులోనికి వచ్చెను. జనులు దానిని శారదా చట్టమనిరి. ఆ శాసనము యానాము పొలిమేర దాటదు. అందుచే నాంగ్లేయ సీమలోని గృహస్థులు పసిబిడ్డల నెత్తికొని యచ్చటికి బోయి, మంగళసూత్రధారణము జరిపించి, మరునాడు తిరిగివచ్చిరి. శాస్త్రము పేరు చెప్పి యా ముహూర్తములు పెట్టినవారు మావంటి పండితులే. కల్యాణపురమను మాటను గర్వముతో నుచ్చరించువారు దాని వెనుకనున్న యా బాలికలను దలచుట ధర్మము. పేరు చక్కనిదని చరిత్రమును జక్కదిద్ద రాదు.

1954 జూన్ 13న దడాల రఫేల్ రమణయ్య మొదలగువారి పూనికచే యానాములో ఫరాసు ప్రభుత్వ మంతమొందెను. అదే సంవత్సరము నవంబరు 1న పరిపాలనము భారత ప్రభుత్వమునకు సంక్రమించెను. 1956లో సంధిపత్రము, 1962 ఆగస్టు 16న శాసనసమ్మతమైన విలీనము జరిగెను. సుమారు 30 చదరపు కిలోమీటర్ల యా భూమి నేటికిని పుదుచ్చేరికి జెందియున్నది. నడుమ 800 కిలోమీటర్లకు మించిన దూరము. రెండు శతాబ్దులకు బైగా పరభాష కచ్చేరిలో గూర్చున్నను, మెట్టకూరు, కనకాలపేట మొదలగు పల్లెలలో బల్కెడిది తెలుగే.

కోటలు బోయినవి, జెండాలు మారినవి, పేర్లు నిలిచినవి. ఆ పేర్లే మనకు దక్కిన వారసత్వము. వానిని వినునప్పుడు బండితుడు చెవితో దృప్తినొందక, పత్రములనుగూడ బరిశీలింపవలెను. నేనిప్పుడు విద్యార్థులకు యానామునకు వ్యుత్పత్తి చెప్పుట మానితిని. ఫరాసులు వచ్చిన సంవత్సరమును, పసిబిడ్డల పెండ్లిండ్ల కథయు జెప్పుచున్నాను. మంజీర నీరు వారి కన్నుల యెదుటనే పారుచున్నది; అది పోయి చేరు తావు నెరుగుట వారికి న్యాయము.