నోరు విప్పని నత్థా

రాయపూర్ నుంచి దుర్గ్ వెళ్లే రైలు ఖారున్ నది దాటాక కుమ్హారి వస్తుంది, ఆ తర్వాత భిలాయి. మన ఉత్తరాంధ్ర వాళ్లకు భిలాయి అంటే ఉక్కు, కర్మాగారంలో కొలువు. ఆ కొలిమి రగిలింది 1959లో. రాయపూర్ బిడ్డ హబీబ్ తన్వీర్ ఢిల్లీలో నయా థియేటర్ పెట్టిందీ ఆ ఏడాదే.

తన్వీర్ నటుల్ని నాటక పాఠశాలల్లో వెతకలేదు, 'నాచా' అనే జానపద నాటకం ఆడే పల్లె కళాకారుల్ని తీసుకొచ్చుకున్నాడు. నాచాలో 'జోక్కడ్' ఉంటాడు. మన తోలుబొమ్మలాటలో కేతిగాడి లాంటివాడే, తెల్లవార్లూ జనాన్ని నవ్విస్తాడు. 1974లో భిలాయిలో వీళ్లతో చేసిన నాటకమే తర్వాత 'చరణ్‌దాస్ చోర్' అయింది. మరుసటి ఏడాది శ్యామ్ బెనెగళ్ దాన్ని పిల్లల కోసం సినిమాగా తీస్తే, దొంగగా లాలూరామ్, చాకలిగా మదన్‌లాల్ వేశారు. రాకుమారి వేషం వేసిన స్మితా పాటిల్ తారగా వెలిగింది. నాచా వాళ్లు మళ్లీ నాటకానికే వెళ్లిపోయారు.

నయా థియేటర్ బృందంలో ఆరితేరిన భిలాయి మనిషి ఓంకార్‌దాస్ మాణిక్‌పురి. అనూషా రిజ్వీ తీసిన 'పీప్లీ లైవ్'లో మఛువా పాత్ర కోసం నటన పరీక్షకు వెళ్లాడు. ప్రధాన పాత్ర నత్థాగా నిర్మాత ఆమిర్ ఖానే నటించాలనుకుంటున్న రోజులవి. ఓంకార్‌దాస్ పరీక్ష చూశాక ఆ ఆలోచన మానుకున్నాడు, నత్థా వేషం ఓంకార్‌దాస్‌కే దక్కింది. తన్వీర్ మాత్రం ఆ సినిమా చూడలేదు, 2009 జూన్‌లోనే కన్నుమూశాడు. 2010 ఆగస్టు 13న సినిమా విడుదలైంది.

కథలో అప్పు తీర్చలేని అన్నదమ్ముల్లో ఎవరో ఒకరు చావాలి, పరిహారం వస్తుంది. అన్న బుధియా (రఘువీర్ యాదవ్) మాటలతోనే తమ్ముడు నత్థాను అందులోకి దించేస్తాడు. ఆ తర్వాత టీవీ కెమెరాలు, నాయకులు, అధికారులు, అందరూ మాట్లాడేవాళ్లే. చావాల్సినవాడు మాత్రం నోరెత్తడు. రాత్రంతా మాటలతో, పాటలతో ఆట నడిపించే సంప్రదాయం నుంచి వచ్చినవాడికి మౌనం అప్పగించడం నాకు విడ్డూరంగానే తోస్తుంది. కానీ ఆ బెదురు చూపులు, బరువు మోస్తున్నట్టు వంగిన భుజాలు కూడా రంగస్థలం నేర్పినవే. 'అమాయకపు ముఖం దొరికింది' అని మెచ్చుకున్నవాళ్లు ఆ సాధనను లెక్కలోకి తీసుకోలేదు.

తర్వాత దొరికినవి ఎక్కువగా చిన్న వేషాలే. భిలాయికి ఇనుప ఖనిజం పంపే దల్లీ రాజ్‌హరా ప్రాంతంలో తీసిన 'న్యూటన్' (2017)లోనూ ఒకటి వేశాడు. 'పీప్లీ లైవ్' లాగే అదీ ఆస్కార్ పోటీకి మన దేశం పంపిన సినిమా. రెండింటిలోనూ రఘువీర్ యాదవ్, ఓంకార్‌దాస్ ఉన్నారు. మొదటివాడి పేరు చెబితే సినిమా తెలిసినవాళ్లు చప్పున గుర్తుపడతారు. రెండోవాడి గురించి చెప్పాలంటే నత్థా అనాల్సిందే.