పందెపు కారును సిద్ధం చేసే వృత్తి

హైదరాబాదుకు ఉత్తరాన నాగపూర్ దారిలో మేడ్చల్, కరీంనగర్ దారిలో శామీర్‌పేట ఉన్నాయి. 158 కిలోమీటర్ల ఔటర్ రింగ్ రోడ్డు ఈ రెండు ఊళ్లనూ కలుపుతున్నది. కార్ల వేగం ఇక్కడివారికి నిత్యజీవితంలో భాగమైంది. మేడ్చల్ వైపున్న గుండ్లపోచంపల్లిలో కార్టింగ్ ట్రాక్ వెలిశాక అది వినోదంగానూ మారింది. అయితే పందెపు కారును సిద్ధం చేయడమే బతుకుతెరువుగా ఎంచుకోవాలనే యువకుడికి ఈ ప్రాంతంలో చూపించదగ్గ పాత దారి ఏదీ లేదు. ఆ వృత్తి పూర్వచరిత్ర కొంత అమెరికాలోను, మరికొంత మద్రాసు, కోయంబత్తూరు పరిసరాలలోను ఉన్నది.

జనం షోరూంలో కొనుక్కునే కారునే పందెంలోకి దించే పద్ధతిగా అమెరికాలో స్టాక్ కార్ రేసింగ్ మొదలైంది. దాన్ని నడిపే నాస్కార్ సంస్థ 1948లో ఏర్పడింది. 1949 జూన్ 19న షార్లెట్‌లో ఆ సంస్థ షోరూం కార్లతో జరిపిన తొలి పందెంలో గ్లెన్ డనవే అందరికంటే ముందు గమ్యం చేరినా, ఆయన కారు వెనుక స్ప్రింగులను మార్చినట్టు తనిఖీలో తేలడంతో విజయం జిమ్ రోపర్‌కు దక్కింది. డ్రైవరు ఎంత బాగా నడిపినా వర్క్‌షాపులో జరిగిన పని ఫలితాన్ని తారుమారు చేయగలదని ఆ క్రీడ తన మొదటి రోజునే రుజువు చేసింది.

ఆ వర్క్‌షాపుకు పెద్దగా, పందెం రోజున జట్టుకు నాయకుడిగా ఉండే వ్యక్తిని క్రూ చీఫ్ అంటారు. వారమంతా కారును సిద్ధం చేయించడం, పందెం నడుస్తుండగా డ్రైవరుతో రేడియోలో మాట్లాడుతూ పెట్రోలు ఎప్పుడు నింపాలో, టైర్లు ఎన్ని మార్చాలో తేల్చడం ఆయన బాధ్యత. మలుపులో కారు ముందు చక్రాలు పట్టు తప్పి బయటికి జారుతున్నాయని డ్రైవరు చెబితే, టైర్లలో గాలి ఎంత మార్చాలో, వెనుక స్ప్రింగు మీది మరను పొడవాటి రెంచితో ఎంత తిప్పించాలో ఆయనే నిర్ణయిస్తాడు. ఆ మర తిప్పితే కారు బరువు నాలుగు చక్రాల మీద పడే తీరు మారుతుంది. డ్రైవరు మాటల్లో చెప్పిన ఇబ్బందిని లోహపు కొలతగా మార్చే ఈ నేర్పు ఏళ్ల తరబడి ఒకే జట్టుతో కలిసి పనిచేస్తే తప్ప అబ్బదు. నాస్కార్ డ్రైవరు రిచర్డ్ పెటీకి బంధువూ చిన్ననాటి తోడూ అయిన డేల్ ఇన్మన్ ఆయనకు 7, టెర్రీ లబాంటీకి 1 చొప్పున మొత్తం 8 ఛాంపియన్‌షిప్పులు సాధించి పెట్టారు. జిమ్మీ జాన్సన్ గెలిచిన ఏడింటికీ క్రూ చీఫ్ చాడ్ నాస్. పిట్ స్టాప్, అంటే పందెం మధ్యలో కారును ఆపి టైర్లు మార్చి, ఇంధనం నింపే విరామం, దానికదే ఒక విద్య అని నిరూపించినవారు వర్జీనియాకు చెందిన వుడ్ సోదరులు. 1965 ఇండియానాపొలిస్ 500లో జిమ్ క్లార్క్ కారుకు పిట్ పనులు చేయడానికి వారినే పిలిపించారు.

భారతదేశంలో ఈ వృత్తి ఇలా విడిగా ఎదగలేదు. 1953లో ఏర్పడిన మద్రాస్ మోటార్ స్పోర్ట్స్ క్లబ్, నెల్లూరు నుంచి మద్రాసు వెళ్లే దారిలోని షోలవరంలో, రెండో ప్రపంచ యుద్ధ కాలపు విమానాల రన్‌వే మీద పందేలు నిర్వహించేది. దిగుమతుల మీద ఆంక్షలు ఉన్న ఆ రోజుల్లో దేశంలో దొరికే ఫియట్ వంటి కార్లే పందేలకు ఆధారం కాబట్టి, ఆ పేరు వాడకపోయినా మన దగ్గర జరిగిందీ ఒక విధమైన స్టాక్ కార్ రేసింగే. సిలిండర్ హెడ్‌ను అరగదీసి ఇంజినులో ఒత్తిడి పెంచడం, కార్బ్యురేటరు మార్చడం, అనవసరమైన బరువు తీసేయడం అప్పటి మెకానిక్కుల విద్య. పందేలు ఏడాదిలో కొద్ది రోజులే కావడంతో మిగతా కాలమంతా వారు మామూలు కార్లు బాగుచేస్తూ బతకవలసి వచ్చింది. గెలిచినవారి పేర్లు నిలిచాయి గాని ఆ కార్లను సిద్ధం చేసినవారి పేర్లు చాలావరకు నమోదు కాలేదు. భారతీయ మోటారు క్రీడా చరిత్రకు ఇది పెద్ద లోటు.

ఈ లోటు మధ్య స్పష్టంగా కనిపించే వ్యక్తి సుందరం కరివర్ధన్. ఆయన కోయంబత్తూరులో లక్ష్మీ మిల్స్ స్థాపించిన తెలుగు మూలాల నాయుడు కుటుంబానికి చెందినవారు. స్వయంగా పందేలలో పాల్గొంటూనే కార్ల రూపకల్పనకు పూనుకొని, 1980ల చివర మారుతి 800 ఇంజినుతో ఫార్ములా మారుతి అనే ఒంటి సీటు పందెపు కారును తయారు చేశారు. ఊరూరా విడిభాగాలు దొరికే 796 సీసీ ఇంజిను కావడం వల్ల విదేశీ కారు కొనే స్థోమత లేనివారికీ పందెంలో చోటు దొరికింది. 2005లో ఫార్ములా వన్‌లో పాల్గొన్న తొలి భారతీయుడు నరైన్ కార్తికేయన్ తొలి పాఠాలు ఆ కారులోనే నేర్చుకున్నారు. 1995లో, నలభై దాటిన కొద్దికాలానికే కరివర్ధన్ మరణించారు. కోయంబత్తూరు దగ్గర 2003లో ప్రారంభమైన ట్రాక్‌కు కరి మోటార్ స్పీడ్‌వే అని పేరు పెట్టడం, కారు తయారుచేసినవాడికి మన దేశంలో దక్కిన అరుదైన గౌరవం.

హైదరాబాదు వంతు చాలా ఆలస్యంగా వచ్చింది. 2023 ఫిబ్రవరి 11న హుస్సేన్ సాగర్ తీరాన, 18 మలుపులున్న సుమారు 2.8 కిలోమీటర్ల వీధి సర్క్యూట్ మీద జరిగిన విద్యుత్ కార్ల ఫార్ములా ఈ పందెంలో జాన్ ఎరిక్ వెర్న్ గెలిచారు. ఒక్క బ్యాటరీ పందెం పొడుగునా సరిపోయే ఆ కార్లకు అప్పట్లో మధ్యలో ఆగే అవసరం లేకపోయింది కనుక, పిట్ స్టాప్ పనితనాన్ని చూసే అవకాశం నగరవాసులకు దక్కలేదు. అక్కడ కీలక నిర్ణయాలన్నీ కంప్యూటరు తెరల ముందు కూర్చున్న ఇంజినీర్లవి. మరుసటి ఏడాది జరగవలసిన పందెం రద్దయింది.

అందువల్ల మేడ్చల్ వైపున్న కార్టింగ్ ట్రాక్‌ను పిల్లల ఆటగా కొట్టిపారేయడం పొరపాటు. పందెపు కార్ట్‌కు స్ప్రింగుల వంటి సస్పెన్షన్ గాని, మలుపులో రెండు వెనుక చక్రాలను వేర్వేరు వేగాలతో తిరగనిచ్చే డిఫరెన్షియల్ గాని ఉండవు; టైర్లలో గాలిని, వెనుక చక్రాల మధ్య దూరాన్ని, సీటు స్థానాన్ని మార్చి దాని నడతను సరిదిద్దాలి. బరువు ఏ చక్రం మీద ఎంత పడుతుందో తెలుసుకోవడానికి ఇంతకంటే చవకైన పాఠశాల లేదు. శామీర్‌పేట దగ్గర 2008లో మొదలైన బిట్స్ పిలానీ ప్రాంగణంతో పాటు మేడ్చల్ చుట్టూ పలు ఇంజినీరింగ్ కాలేజీలు ఉన్నాయి. వాటి విద్యార్థుల వంటివారి కోసమే మధ్యప్రదేశ్‌లోని పీథంపూర్‌లో 2007లో బాజా పోటీలు మొదలయ్యాయి. గతుకుల నేల మీద పరుగెత్తే బండిని విద్యార్థులే గీసి, వెల్డింగ్ చేసి, గంటల తరబడి సాగే పరుగులో విరిగినదాన్ని అక్కడికక్కడే బాగుచేసుకొని మళ్లీ దింపాలి; ఏ భాగాన్ని ముందు విప్పాలో, ఎప్పుడు బండిని వెనక్కి పిలవాలో జట్టులో ఎవరో ఒకరు నిర్ణయించాలి, ఆ విద్యార్థి చేసేది క్రూ చీఫ్ పనే.