పేట గడపకు వచ్చిన యుద్ధాలు

పశ్చిమ గోదావరి జిల్లా మాధవరం నుంచి రెండు ప్రపంచ యుద్ధాలకూ మగవాళ్లు వెళ్లారు. ఆ ఊళ్లో వాళ్ల పేరిట స్మారకం ఉంది. చిలకలూరిపేట చుట్టుపక్కల ఊళ్లకు అలాంటి పేరు రాలేదు. ఇక్కడికి యుద్ధం నూలు ధరగా, కిరసనాయిలు కరువుగా వచ్చింది. దాని బరువు మోసింది ఎక్కువగా ఆడవాళ్లే.

1861లో అమెరికా అంతర్యుద్ధం మొదలై దక్షిణాది రేవులు మూతపడేసరికి, లాంకషైర్ మిల్లులు మన పత్తి మీద పడ్డాయి. ధర పెరిగితే నల్లరేగడి రైతు చేతిలో నాలుగు డబ్బులాడాయి. నూలు కొనుక్కునే నేత ఇళ్లు చితికాయి. కండెలు చుట్టేదీ, ఆసు పోసేదీ ఆ ఇంటి ఆడవాళ్లే. కూలి లెక్కలో ఎక్కని పని కాబట్టి, అది ఆగినా నష్టం లెక్కకు రాలేదు. 1865లో యుద్ధం ముగిసి ధర కూలింది. ఈసారి వంతు రైతుది.

మొదటి ప్రపంచ యుద్ధం చివరికి గుడ్డ, ఉప్పు, గింజల ధరలు మండిపోయి 1918లో మద్రాసు రాష్ట్రంలో పలుచోట్ల జనం అంగళ్లు దోచారు. ఆ వెనకే ఇన్‌ఫ్లుయెంజా విషజ్వరం. దేశంలో మగవాళ్లకన్నా ఆడవాళ్లు ఎక్కువగా పోయారని ఆ తర్వాతి జనాభా లెక్కలు చూపాయి. మంచం పట్టినవాళ్ల పక్కన కూర్చున్నది ఎవరో ఆలోచిస్తే, నాకు అందులో వింతేమీ కనపడదు.

అన్నిటికన్నా పొడుగ్గా సాగింది 1942 దెబ్బ. జపాన్ బర్మాను పట్టుకోవడంతో రంగూన్ బియ్యం, అక్కడి కిరసనాయిలు రెండూ ఆగిపోయాయి. పక్కనే కృష్ణా డెల్టా ఉన్నా, మలబారు లాంటి కరువు సీమలకు పంపాలని సర్కారు ఇక్కడి ధాన్యం సేకరించింది. 1943లో బట్ట మీదా, నూలు మీదా కంట్రోలు పెట్టారు. పొద్దుగూకకముందే వంట ముగించాలి, ఆముదం దీపం పొదుపుగా వాడాలి, ఉన్న చీరకే మాసికలు వేయాలి. యుద్ధం 1945లో అయిపోయింది. మద్రాసు రాష్ట్రంలో ముఖ్యమంత్రి రాజాజీ తిండిగింజల రేషన్ ఎత్తేసింది మాత్రం 1952లో.

2022 ఫిబ్రవరిలో ఉక్రెయిన్ మీద రష్యా దాడికి దిగింది. మన పొద్దుతిరుగుడు నూనెలో ఎక్కువ భాగం ఆ రెండు దేశాలదే. వారాల్లోనే ప్యాకెట్ ధర ఎగిరింది. పోనీ పామాయిల్‌తో సరిపెట్టుకుందామంటే, ఏప్రిల్ 28 నుంచి ఇండోనేషియా ఎగుమతులు ఆపేసింది.