అచ్చు కాని వార్తలు

పొద్దున్నే పేపరు రాగానే మా ఇంట్లో అది ముందు మగవాళ్ల చేతికి పోతుంది. నా చేతికి వచ్చేసరికి మధ్యాహ్నం దాటుతుంది. అప్పుడు నేను తిరగేసేది ఏమిటయ్యా అంటే చీరల షాపు తగ్గింపు ప్రకటన, వంటల శీర్షిక. మీలోనూ చాలామంది ఇంతేనని నాకు తెలుసు. అయితే ఆ చీరల షాపు ప్రకటనకూ పక్క పేజీలోని వార్తకూ ఏమన్నా చుట్టరికం ఉంటుందేమోనని ఎప్పుడైనా అనుమానం వచ్చిందా మీకు? ఆ చుట్టరికాన్ని బయటపెట్టడానికే సగం జీవితం ధారపోసిన అమెరికా విలేకరి ఒకాయన ఉన్నారు. పేరు జార్జ్ సెల్డెస్.

1890లో న్యూజెర్సీ రాష్ట్రంలో పుట్టాడాయన. 1909లో పిట్స్‌బర్గ్ నగరంలో ఒక పత్రికలో చేరాడు. జీతం వారానికి మూడున్నర డాలర్లు. ఆ కొత్తలోనే ఒక పెద్ద దుకాణం యజమాని కొడుకు మీద కోర్టులో కేసు నడిచింది. తమ షాపులో పనిచేసే అమ్మాయి మీద అఘాయిత్యానికి పాల్పడ్డాడని అభియోగం. కుర్ర విలేకరి ఉత్సాహంగా వెళ్లి, అంతా విని, రాసుకొచ్చాడు. మర్నాడు పేపరంతా వెతికినా వార్త లేదు. తరువాత తెలిసింది ఏమిటంటే, ఆయన రాసిన కాగితాలు ప్రకటనల విభాగం వాళ్ల చేతికి వెళ్లాయట! వాటిని చూపించి ఆ దుకాణం నుంచి మరిన్ని ప్రకటనలు రాబట్టుకున్నారట. ఇది ఆయనే చెప్పుకున్న సంగతి. ఆ అమ్మాయి గోడు మాత్రం ఎవరికీ చేరలేదు. ఎన్నేళ్లు గడిచినా సెల్డెస్ దాన్ని మరిచిపోలేదు.

మొదటి ప్రపంచ యుద్ధం తరువాత షికాగో ట్రిబ్యూన్ పత్రికకు ఐరోపాలో విలేకరిగా పనిచేశాడు. 1923లో రష్యా ప్రభుత్వం వెళ్లగొట్టింది. 1925లో ఇటలీలో ముస్సోలినీ వెళ్లగొట్టాడు. అంతకు ముందు ఏడాది మట్టెయోట్టి అనే ప్రతిపక్ష నాయకుణ్ణి హత్య చేశారు. ఆ హత్యకూ ముస్సోలినీ మనుషులకూ ఉన్న సంబంధాన్ని రాయడమే ఈయన చేసిన నేరం. నియంతలు తరిమేస్తే ఎవరైనా అర్థం చేసుకుంటారు. ఆయనకు మింగుడు పడనిది సొంత పత్రిక చేసిన పని. 1927లో మెక్సికో వెళ్లి అమెరికా వ్యాపారుల వాదన కొంత, దానికి ఎదుటి వాదన కొంత రాసి పంపితే, అచ్చయింది వ్యాపారుల వాదనే. మరుసటి ఏడాది ఉద్యోగం మానేశాడు. 1929లో 'యూ కాంట్ ప్రింట్ దట్' అని పుస్తకం వేశాడు. 'అది అచ్చు వెయ్యకూడదు' అని అర్థం. విలేకరులు రోజూ వినే మాటనే పుస్తకానికి పేరుగా పెట్టాడన్నమాట.

ఇక అసలు కథకు వస్తాను. 1940 మే నెలలో 'ఇన్ ఫ్యాక్ట్' అనే వారపత్రిక పెట్టాడు. నాలుగే నాలుగు పేజీలు. ఒక్క ప్రకటన కూడా ఉండదు. భార్య హెలెన్ అండగా నిలిచింది. దినపత్రికలు ఏం వేశాయో అందరికీ కనబడుతుంది. ఏం వెయ్యలేదో చెప్పడమే ఈ పత్రిక పని.

అందులో అన్నిటికన్నా పెద్దది పొగాకు సంగతి. 1938లో జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయానికి చెందిన రేమండ్ పెర్ల్ అనే శాస్త్రవేత్త 6,813 మంది మగవాళ్ల లెక్కలు తీసి, పొగతాగేవాళ్ల ఆయుష్షు తగ్గుతోందని తేల్చాడు. ఎంత పెద్ద వార్త చెప్పండి! ఇంటింటికీ సంబంధించినది. అయినా చాలా పత్రికలు దాన్ని వదిలేశాయి, వేసినవి కొన్ని ఏ మూలనో వేశాయి. ఆ పేజీల్లోనేమో సిగరెట్ కంపెనీల ప్రకటనలు నిలువెత్తున ఉండేవి. సెల్డెస్ 1941 నుంచి ఈ సంగతి ఎత్తుకున్నాడు. ఒకసారి రాసి ఊరుకోలేదు. పత్రిక నడిచినంత కాలం పదే పదే రాశాడు. ఏ పత్రికకు పొగాకు డబ్బు వస్తోందో, ఏ పత్రిక ఈ వార్తను దాచిందో రెండూ పక్కపక్కన పెట్టి చూపించాడు.

ఇది చదువుతుంటే నాకు మా నాన్నగారు గుర్తొచ్చారు. రోజుకు రెండు పెట్టెలు కాల్చేవారు. ఖాళీ పెట్టెలు విప్పి లోపలి తెల్లవైపు మా చేత ఎక్కాలు రాయించేవారు. అప్పట్లో వారపత్రికల వెనక అట్ట మీద రంగురంగుల సిగరెట్ ప్రకటన ఉండేది. అట్ట బాగుందని పుస్తకాలకు వేసుకునేవాళ్లం. పెట్టె మీద హెచ్చరిక మాత్రం చీమ తలకాయంత అక్షరాల్లో. మా అమ్మ దాన్ని ఏనాడూ చదవలేదు, ఆవిడకు ఇంగ్లీషు రాదు మరి. నాన్నగారి దగ్గు చలిగాలి వల్లనే అనుకుని మిరియాల కషాయం కాచి ఇచ్చేది.

సెల్డెస్ పాఠకులకు నేర్పినది కష్టమైన విద్యేమీ కాదు. పత్రిక ఎవరిది, దానికి డబ్బు ఎక్కణ్ణించి వస్తోంది, ఈ వార్త ఎవరు చెప్పారు, చెప్పనిది ఎవరు అని అడగడం. కూరగాయల బండివాడిని మనం ఇంతకన్నా ఎక్కువే నిలదీస్తాం.

ఆయనలో లోపాలు లేవా అంటే ఉన్నాయి. అందరి డబ్బు మూలాలు వెతికిన మనిషి, తన పత్రికకు మొదట్లో పెట్టిన పెట్టుబడిలో కమ్యూనిస్టు పార్టీ సొమ్ము ఉందని ఆలస్యంగా తెలుసుకున్నాడు. తెలియదన్న ఆయన మాటను నేను నమ్ముతాను గాని, మొదటి రోజునే అడగవలసింది కదా అనిపిస్తుంది. 1948లో ఆయన యుగోస్లావియా నాయకుడు టిటోను మెచ్చుకునేసరికి ఆ పార్టీవాళ్లూ దూరమయ్యారు. మరోవైపు కమ్యూనిస్టు వ్యతిరేక గాలి వీస్తోంది, చందాదారుల మీద కూడా రహస్య పోలీసుల కన్ను పడింది. ఇంటికి ఆ పత్రిక వస్తే ఉద్యోగం పోతుందేమోనన్న భయం. ఒక దశలో 1,76,000 దాకా అమ్మిన పత్రిక 1950లో మూతపడింది. 1953లో సెనేటర్ మెకార్థీ పిలిపించి ప్రశ్నించాడు, తప్పేమీ పట్టలేక వదిలేశాడు. ఆ ఏడాదే ఐ.ఎఫ్. స్టోన్ అనే మరో విలేకరి ఇదే పద్ధతిలో సొంత వారపత్రిక మొదలుపెట్టాడు.

'ఇన్ ఫ్యాక్ట్' మూతపడ్డ పద్నాలుగేళ్లకు, 1964 జనవరిలో, సిగరెట్లు ఊపిరితిత్తుల క్యాన్సరు తెస్తాయని అమెరికా ప్రభుత్వ వైద్యాధికారి నివేదిక ప్రకటించింది. ఈసారి పత్రికలన్నీ మొదటి పేజీలో వేశాయి. 1971 జనవరి 2 నుంచి అక్కడి రేడియో, టీవీల్లో సిగరెట్ ప్రకటనలు ఆగిపోయాయి. అప్పటికి సెల్డెస్‌కు ఎనభై ఏళ్లు. 1979లో హెలెన్ పోయింది. ఆయన ఒంటరిగానే వెర్మాంట్ రాష్ట్రంలోని పల్లెలో ఉంటూ ఆత్మకథ రాసి 1987లో, తొంభై ఆరేళ్ల వయసులో అచ్చు వేయించాడు. 1995 జులై 2న కన్నుమూశాడు. నూట నాలుగేళ్లు బతికాడు.