కొండలో తొలిచిన చుట్టిల్లు: గుంటుపల్లి గుహలు

గోదావరి డెల్టా ఒండ్రు నేల. నుయ్యి తవ్వినా కాలువ తీసినా మట్టి, ఇసుక పడతాయి గాని కట్టడానికి పనికొచ్చే రాయి దొరకదు. రాయి కావాలంటే మెట్టకు పోవాలి. ఈ ప్రాంతంలో రాతిపని తొలినాళ్ల ఆనవాళ్లు కూడా ఆ మెట్టలోనే, కామవరపుకోట మండలం జీలకర్రగూడెం పక్కనున్న గుంటుపల్లి కొండల్లో ఉన్నాయి. ఏలూరు నుంచి సుమారు 40 కిలోమీటర్ల దూరం. 2022 ఏప్రిల్ దాకా ఈ ఊరు పశ్చిమ గోదావరి జిల్లాలో ఉండేది. ఇప్పుడు ఏలూరు జిల్లాలోది.

ఈ గుహల్లో పాతవి క్రీస్తుపూర్వం 2, 1 శతాబ్దాల నాటివి. బౌద్ధ భిక్షువులు ఏడాది పొడుగునా ఊళ్లు తిరిగినా వానాకాలం మూడు నెలలు మాత్రం ఒకచోట ఉండిపోవాలన్నది సంఘ నియమం. ఆ వర్షావాసానికే కొండ చరియలను తొలిచి గదులు తీశారు. ఇక్కడి బ్రాహ్మీ శాసనాలు ఈ కొండను మహానాగపర్వతం అన్నాయి. విహారపు గదులు, రాతి చదును మీద వరసగా చిన్న మొక్కుబడి స్తూపాలు, ఇటుక చైత్యం (స్తూపమున్న పూజామందిరం), మండప శిథిలాలు అన్నీ ఒకే లోయ చుట్టూ ఉన్నాయి.

వీటన్నిటిలో శిల్పి నేర్పు తెలిసేది గుండ్రటి చైత్య గుహలో. లోపలి వైశాల్యం పెద్దదేమీ కాదు, వ్యాసం సుమారు 18 అడుగులు. తలెత్తి చూస్తే గుమ్మటం లోపలి పక్క శిఖరం నుంచి అంచు దాకా వాసాలు దిగివచ్చినట్టు రాతిని చెక్కారు. ఆ వాసాలు ఏ బరువునూ మోయవు, మోయాల్సిన అవసరమూ లేదు. కప్పు కొండలో భాగమే. కోస్తాలో మొన్నమొన్నటి దాకా కనిపించిన చుట్టిల్లు లోపలి పక్క ఇలాగే ఉంటుంది. నిట్రాడు నిలవాల్సిన నడిమధ్యన ఇక్కడ స్తూపం ఉంది, చుట్టూ ప్రదక్షిణకు సన్నని దారి వదిలారు. గుమ్మం మీది గుర్రపు లాడం ఆకారపు తోరణానిదీ వడ్రంగి పనితనమే. ఆనాటి కర్ర కట్టడాలు చెదలకూ వానకూ పోయాయి. అవి ఎలా ఉండేవో తెలుసుకోవడానికి ఇలాంటి రాతి నకళ్లే ప్రధాన ఆధారం. గుంటుపల్లి అసలు విలువ ఇదే.

చైత్యాన్ని తొలవడం కట్టడానికి తిరగేసిన పని. కట్టేవాడు పునాది నుంచి పైకి వెళ్తాడు. తొలిచేవాడు కప్పు దగ్గర మొదలుపెట్టి ఉలితో, సుత్తితో రాయి తీసేస్తూ కిందికి దిగుతాడు. సగంలో ఆగిన అజంతా గుహల్లో ఈ క్రమం తెలుస్తుంది. పరంజాతో పెద్దగా పనిలేదు, కానీ పొరపాటుకు చోటూ లేదు. ఒకసారి ఊడిన ముక్కను మళ్లీ అతికించడం కుదరదు. మధ్యలో మిగలాల్సిన స్తూపం కొలత మొదటి దెబ్బకు ముందే శిల్పి మనసులో ఉండాలి. ఇక్కడిది ఇసుకరాయి గనుక ఉలికి త్వరగా లొంగింది, అంత త్వరగానూ వానకు అరిగింది.

గుమ్మం మీది ఆ తోరణానికి దగ్గరి పోలిక బిహార్‌లోని బరాబర్ కొండల్లో ఉంది. అక్కడి సుదామ గుహను అశోకుడు తన 12వ పాలనా సంవత్సరంలో ఆజీవక సన్యాసులకు ఇచ్చాడు. పక్కనే ఉన్న లోమస్ ఋషి గుహ ముఖద్వారం ఇలాంటి తోరణంతోనే ఉంటుంది. బరాబర్‌ది గ్రానైట్, అద్దంలాంటి నునుపు. గుంటుపల్లిలో ఆ నునుపు లేదు. గుండ్రటి చైత్యం మహారాష్ట్రలోని జున్నర్ తుల్జా గుహల్లోనూ ఉంది. ఈ పద్ధతి ఒక్క ఊరి సొత్తు కాదన్నది స్పష్టమే.

డబ్బు ఎక్కడిదన్న దానికి శాసనాలు కొంత జవాబిస్తాయి. కళింగ మహిషకాధిపతి, మహామేఘవాహనుడు సిరిసద దగ్గర లేఖకుడిగా ఉన్న చులగోముడు ఒక మండపం దానం చేశాడు. దానం చేసింది రాజు కాదు, రాజు దగ్గర కొలువు చేసిన ఉద్యోగి. పక్కనున్న వేంగి నుంచి పాలించిన శాలంకాయనుల కాలంలోనూ ఈ విహారానికి ఆదరణ ఉందని నందివర్మ శాసనం చెబుతోంది.

బౌద్ధం తగ్గాక స్తూపం శివలింగమైంది. స్థానికులకు అది ధర్మలింగేశ్వరుడు. ఈ మార్పే చైత్యాన్ని పాడుపడకుండా కాపాడిందనుకోవచ్చు. 1887లో రాబర్ట్ సీవెల్ ఈ గుహల గురించి రాయల్ ఏషియాటిక్ సొసైటీ పత్రికలో రాశాడు. తర్వాత పురావస్తు శాఖ వీటిని రక్షిత కట్టడాల్లో చేర్చింది.

కొండను తొలిచే పని కృష్ణా తీరంలో ఉండవల్లి, మొగల్రాజపురం దాకా సాగింది. అక్కడ వాసాల నకళ్లు వెనకబడి దేవతామూర్తులు ముందుకొచ్చాయి. తూర్పు చాళుక్యుల కాలానికి శిల్పులు కొండకు వెళ్లడం కాక, రాయే డెల్టాలోకి దిగివచ్చింది. బిక్కవోలు, సామర్లకోట, ద్రాక్షారామం గుళ్లు అలా తెచ్చి పేర్చిన రాళ్లతో కట్టినవే.