ఆచారం మాటున ఆడబిడ్డ వాటా: న్యాయస్థానాల్లో ఉన్న మార్గాలు

“పెళ్లినాడే పసుపు కుంకుమలు ఇచ్చాం, ఇక భూమిలో వాటా లేదు. ఇది మా ఇంటి ఆచారం.” గ్రామాల్లో తండ్రి మరణానంతరం ఆడపడుచులకు తరచూ ఎదురయ్యే సమాధానమిది. ఆచారం పేరు చెప్పినంత మాత్రాన వాటా పోదు. ఏ ఆచారానికి చట్టం విలువ ఇస్తుంది, వివాదం తలెత్తితే ఏ మార్గాలున్నాయనేది తెలుసుకోవడం అవసరం.

ఆచారమంటే ఏమిటి?

1956 నాటి హిందూ వారసత్వ చట్టం ప్రకారం దీర్ఘకాలంగా, ఎడతెగకుండా, ఒకే తీరున పాటిస్తూ వచ్చినదే ఆచారం. అది నిర్దిష్టంగా ఉండాలి. అసమంజసంగాను, ప్రజాహితానికి విరుద్ధంగాను ఉండరాదు. కుటుంబాచారమైతే ఆ కుటుంబం దానిని మధ్యలో విడిచిపెట్టి ఉండకూడదు. అయితే ఈ చట్టం స్పష్టంగా నిర్దేశించిన విషయాల్లో పాత ఆచారం చెల్లదని నాలుగో సెక్షను చెబుతోంది.

కుమార్తెల హక్కు

ఉమ్మడి కుటుంబ ఆస్తిలో కుమార్తెకు జన్మతః హక్కు కల్పిస్తూ ఆంధ్రప్రదేశ్ 1986లో చేసిన సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచి అమలులోకి వచ్చింది. అప్పటికే వివాహమైన వారికి అది వర్తించలేదు. 2005 సెప్టెంబరు 9న అమలులోకి వచ్చిన కేంద్ర సవరణ ఈ భేదాన్ని తొలగించింది. ఆ తేదీకి తండ్రి జీవించి ఉండవలసిన అవసరం లేదని 2020 ఆగస్టు 11న సుప్రీంకోర్టు తేల్చింది. 2004 డిసెంబరు 20కి ముందు రిజిస్టరు దస్తావేజు ద్వారా గాని, కోర్టు డిక్రీ ద్వారా గాని జరిగిన పంపకాలు మాత్రం చెల్లుతాయి. నోటిమాట పంపకాన్ని ప్రభుత్వ పత్రాల ఆధారం ఉన్న అరుదైన సందర్భాల్లోనే అంగీకరిస్తారు. వాటా వదులుకున్నదని చెప్పాలన్నా రిజిస్టరైన విడుదల దస్తావేజు చూపాలి.

ఇల్లరికం, గిరిజనాచారం

రెడ్డి, కమ్మ కులాల్లో ఇల్లరికపు అల్లుడికి మామ ఆస్తిలో కొడుకుతో సమానంగా వాటా ఇచ్చే ఆచారాన్ని మద్రాసు హైకోర్టు పూర్వమే గుర్తించింది. అతడు దత్తపుత్రుడు కాడు. జన్మనిచ్చిన కుటుంబంలో హక్కు కోల్పోడు. అత్తవారింట నివసించినంత మాత్రాన ఈ హక్కు రాదు. ఆస్తి ఇస్తామన్న ఒప్పందాన్ని రుజువు చేయాలి.

కేంద్రం ప్రత్యేకంగా నోటిఫై చేస్తే తప్ప షెడ్యూల్డు తెగలకు వారసత్వ చట్టం వర్తించదు. అక్కడ ఆచారమే ప్రధానం. అయితే 2025 జూలై 17న ఛత్తీస్‌గఢ్‌కు చెందిన ఒక గోండు కుటుంబం కేసులో సుప్రీంకోర్టు, స్త్రీకి వాటా లేదనే ఆచారాన్ని రుజువు చేయనప్పుడు ఆమె వారసులకూ సమాన వాటా దక్కాలని తీర్పు చెప్పింది. ఆచారం ఉన్నదని వాదించేవారే దానిని నిరూపించాలి. ఏజెన్సీ భూమి విషయంలో ఏ న్యాయస్థానానికి విచారణాధికారం ఉన్నదో దావాకు ముందే నిర్ధారించుకోవాలి.

దావా సాగే తీరు

వాటా కోసం సివిల్ కోర్టులో విభాగ దావా వేయాలి. వాటాదారులందరినీ కక్షిదారులుగా చేర్చి, ఉమ్మడి ఆస్తి మొత్తాన్ని సర్వే నంబర్లతో చూపాలి. కోర్టు మొదట ఎవరి వాటా ఎంతో ప్రాథమిక డిక్రీలో నిర్ణయిస్తుంది. తరువాత కమిషనర్ ద్వారా గాని, ప్రభుత్వానికి శిస్తు చెల్లించే భూమి అయితే కలెక్టరు ద్వారా గాని హద్దులు ఏర్పరుస్తారు. ప్రాథమిక డిక్రీతోనే భూమి చేతికి వచ్చిందనుకోవడం పొరపాటు.

ఈలోగా భూమి అమ్మకుండా తాత్కాలిక నిషేధ ఉత్తర్వు కోరవచ్చు. దావా నడుస్తుండగా కొన్నవారు కూడా తీర్పుకు కట్టుబడవలసినదే. ఉమ్మడి ఆస్తి నుంచి తనను మినహాయించారని తెలిసిన నాటి నుంచి 12 సంవత్సరాల లోపు దావా వేయాలి.

పాసుపుస్తకంలో అన్నదమ్ముల పేర్లే ఉన్నాయన్న కారణంతో ఆగిపోనక్కరలేదు. రెవెన్యూ రికార్డు యాజమాన్య హక్కును సృష్టించదని సుప్రీంకోర్టు పలుమార్లు స్పష్టం చేసింది.

సాక్ష్యాలు

వంశవృక్షం, మరణ ధ్రువపత్రం, కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, అడంగల్ లేదా పహాణీ నకళ్లు, పాత దస్తావేజులు, ఈసీ సేకరించాలి. ఆచారం విషయంలో గతంలో అదే కుటుంబంలో, కులంలో జరిగిన పంపకాలు, ఆచారం తెలిసిన పెద్దల వాంగ్మూలాలు, పాత తీర్పులు ఉపకరిస్తాయి.

ఉచిత సహాయం, రాజీ

1987 నాటి న్యాయసేవల అధికార సంస్థల చట్టం కింద స్త్రీలకు, షెడ్యూల్డు కులాలు, తెగల వారికి ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం లభిస్తుంది. జిల్లా న్యాయసేవాధికార సంస్థ, మండల న్యాయసేవల కమిటీల వద్ద దరఖాస్తు చేసుకోవచ్చు. లోక్ అదాలత్‌లో కుదిరిన రాజీ సివిల్ కోర్టు డిక్రీతో సమానం, దానిపై అప్పీలు లేదు; కోర్టు ఫీజు కూడా తిరిగి వస్తుంది. అప్పీలు ఉండదు కనుక హద్దులు, విస్తీర్ణం సరిచూసుకున్న తరువాతనే సంతకం చేయాలి. ఇంటి పెద్దల సమక్షంలో ఒప్పందం కుదిరినా పంపకాన్ని రిజిస్టరు చేయించుకోవడమే మేలు.